మూడు వందల పదిహేడో నంబరు బిళ్ల

సొహార్ వెనక కొండలు, ఒమాన్
11-1-1976

ప్రియమైన అక్క సత్తవ్వకు, సముద్రం ఇవతలి నుంచి తమ్ముడు దేవయ్య దండం పెట్టి రాస్తున్న ఉత్తరం.

నేను బాగున్నాను. నువ్వు, మీ అత్త యాదవ్వ బాగున్నారని తలుస్తాను. రెండు నెలలు మస్కట్‌లో సైట్ మీద గోడలు లేపాక, "నువ్వు బొగ్గు బాయిలో చేసిన మేస్త్రివి కదా" అని కంపెనీవాళ్ళు నన్ను ఏరి మరీ ఈ కొండల్లోకి పంపారు. ఇక్కడ రాగి కోసం కొండలకు చిల్లులు వేసి చూస్తున్నారు. గని మొహం మళ్ళీ చూడకూడదని ఇంత దూరం వస్తే గని నాకన్నా ముందే వచ్చి కూర్చుంది. దరిద్రుడు తల కడగబోతే వడగళ్ళ వాన పడ్డట్టుంది నా బతుకు.

భయపడకు, నేను లోపలికి దిగడం లేదు. నా డ్యూటీ అంతా పైనే, ఒక పాత మేడలో. రెండంతస్తుల మట్టి మేడ అది. ఎప్పుడో రాగి, ఖర్జూరం ఓడలకెక్కించిన షావుకారు కట్టించాడట. పద్నాలుగు గదులు. దూలాలన్నీ ఈతచెట్ల లాంటి మొద్దులు, వాటికి ఎర్ర రంగు. వీధి తలుపు మీద చెక్కిన తీగలు చూస్తే మన మేనేజర్ దొర బంగళా తలుపు తడికలా అనిపిస్తుంది. ఇప్పుడు ఆ మేడను కంపెనీ ఆఫీసు చేస్తున్నారు. పెచ్చులూడిన గోడలు నేను మెత్తుతున్నాను. ఇంటివాళ్ళందరూ ఎక్కడెక్కడికో పోయారు. కింద రెండు గదుల్లో ఒక ముసలమ్మ మాత్రం ఉంది, పేరు జువైనా. ఊతకర్ర టక్కుటక్కుమంటూ తిరుగుతుంది. నన్ను చూస్తే సలాం చెబుతుంది కానీ నవ్వదు.

మేడ వెనక నల్లటి చిట్టెం గుట్టలున్నాయి. వెయ్యేళ్ళ కింద ఎవరో రాగి కరగబెట్టి పారబోసిన మడ్డి అట. ఆ గుట్టల కింద మోకాలెత్తు రాతి గోడలు గుండ్రంగా కనబడతాయి. అవి ఆ పనివాళ్ళ ఇళ్ళు. మేడ కట్టించినవాడి పేరు ఊళ్ళో అందరూ చెబుతారు. ఆ రాళ్ళు పేర్చుకున్నవాళ్ళ పేరు అడిగితే తెలియదని చేతులు తిప్పుతారు.

ఒక్క సంగతి రాయాలా వద్దా అనుకుంటూనే రాస్తున్నాను. మధ్యాహ్నం రెండు గంటలకు, ఎండకు అందరూ కునుకు తీసే వేళ, ఈ మేడలో ఏదో గోడ లోపలి నుంచి చప్పుడు వస్తుంది. మూడుసార్లు కొట్టి, ఆగి, మళ్ళీ మూడు. నేను చెవి ఆనిస్తే ఉండదు. మా డ్రైవర్ జహీరుద్దీన్ మన జగిత్యాల వాడే. అతన్ని అడిగితే, "పురానా మకాన్ దేవయ్య భాయ్, ఎండకు మట్టి చిటపట అంటది, సోచాయించకు" అన్నాడు. మట్టి చప్పుడు నాకు తెలియదా అక్కా?

బొంబాయి పోయిన బావ అక్కడి నుంచి ఇటే వచ్చి ఉంటాడేమోనని, కనబడిన మనవాణ్ణల్లా అడుగుతున్నాను. ఇస్తారి అనే పేరు ఎవరూ వినలేదు. గల్ఫ్ అంటే ఒక్క ఊరు కాదు కదా. దిగులు పెట్టుకోకు.

నీ తమ్ముడు
దేవయ్య

---

నాలుగో బాయి బస్తీ
9-2-1976

చిరంజీవి తమ్ముడు దేవయ్యకు, అక్క సత్తవ్వ దీవించి రాస్తున్నది.

నీ ఉత్తరం అందింది. నాలుగో తరగతి చదువుతో నేను రాసే ఈ వంకర అక్షరాలు నీకు అర్థమవుతాయో లేదో. అర్థం కాకపోతే జగిత్యాలాయన చేత చదివించుకోకు. ఇంటి సంగతులు ఇంటివాళ్ళకే.

దొర బంగళాలో తోటపని అలాగే చేస్తున్నాను. కొత్త మేనేజర్‌కు ఆ ఇల్లు నచ్చలేదట, కాలనీలో ఇంకొకటి కట్టిస్తున్నారు. ఈ అడవిలో మొదట లేచిన ఇల్లు ఆ బంగళా, రెండోది మన గుడిసెల వరస. బంగళాకు తాళం పడుతుంది. ఖాళీ గదుల్లో నా చీపురు చప్పుడు నాకే భయం పుట్టిస్తున్నది.

ఈ నెలతో ఏడాది నిండింది. నాలుగో బాయిలో నిప్పు లేచిన నాడే మీ బావ కనబడకుండా పోయాడు. లోపల ఎవరూ లేరు, దిగినవాళ్ళ నంబరు బిళ్లల లెక్క సరిపోయింది అన్నారు. నిప్పుకు గాలి తగలకుండా నువ్వే అడ్డగోడ కట్టి పైకొచ్చావు. "బావ కల్లు కాంపౌండు కాడ కనబడ్డడట, పని దొరుకుత లేదని యాష్టకొచ్చి బొంబాయి బండెక్కిండు కావచ్చు" అని నాతో చెప్పింది నువ్వే. ఎవరైనా రాని రోజే పిలిచే బదిలీ పనివాడి బతుకు, నెలలో పది రోజులు కూడా షిఫ్టు దొరకదు, పోయే ఉంటాడని నేనూ అనుకున్నాను. కానీ తమ్మీ, పోయినవాడు ఏడాదికి ఒక్క కార్డు ముక్క రాయడా?

మా అత్తతో వేగడం కష్టంగా ఉంది. నువ్వు ఒమాన్ విమానానికని బొంబాయి పోయాక, పోయినేడు పెత్రమాస నాడు పెద్దలకు బియ్యమిస్తుంటే అయ్యగారు పేర్లు చెప్పమన్నాడు. మామ పేరు, తాత పేరు చెప్పి, ఆమె ఇంకో పేరు కోసం నోరు తెరిచింది. నేను చెయ్యి అడ్డం పెట్టి నోరు మూశాను. "బతికినోని పేరు సచ్చినోళ్ళ వరసల సెప్తవా అత్తా?" అని అరిచాను. ఆమె మెల్లగా, "గట్లయితే గోడ కాడ కొట్టేదెవడే? నా కొడుకు ఆకలితోని తిరుగుతుండు" అన్నది. మన గుడిసె వెనక గోడ దగ్గర ఎవరో కొడతారట. రెండు గంటల షిఫ్టు సైరన్ మోగాక, మూడుసార్లు. నాకైతే వినబడలేదు.

నీకు కూడా అదే వేళకు, అదే మూడు చప్పుళ్ళు వినబడుతున్నాయని చదివి ఉత్తరం మడిచి బియ్యం డబ్బాలో దాచాను. ఆమెకు చెప్పలేదు.

బొట్టు చూసి కొందరు, బొట్టు చూడనట్టు కొందరు మాట్లాడుతున్నారు. నేను పెనిమిటి ఉన్నదాన్నా లేనిదాన్నా, అంత వరకు తెలిస్తే చాలు. ఆయన రాకపోయినా సరే. ఇంకోదాన్ని ఉంచుకున్నా సరే. ఉన్నాడా లేడా అన్నది తెలుసుకుని రాయి. మళ్ళీ పెత్రమాస వచ్చేలోపు తెలియాలి.

ఇస్తారి భార్య, నీ అక్క
సత్తవ్వ

---

సొహార్ వెనక కొండలు
20-3-1976

ప్రియమైన అక్కకు తమ్ముడి దండాలు.

శుభవార్త రాస్తున్నాను, కూర్చుని చదువు. బావ ఉన్నాడు.

పోయిన శుక్రవారం సిమెంటు కోసం జహీరుద్దీన్‌తో కలిసి ఖబూరా పోయాను. సముద్రం ఒడ్డు ఊరు. చేపలు ఎండబెట్టే చోట ఒక మనిషి తట్ట దించుతున్నాడు. వెనక నుంచే గుర్తుపట్టాను. "బావా" అంటే తిరిగి చూసి, చూడనట్టు పోబోయాడు. వెంటపడి పట్టుకున్నాను. చిక్కాడు, గడ్డం పెంచాడు. తట్ట నెత్తిన పెట్టుకోబోయి మళ్ళీ దించాడు. చివరికి, "మీ అక్కకు ఏ మొఖంతోని రాయాలె దేవయ్యా? కాగితాలు సక్కగ లేవు, పట్టుకుంటే జేలే. నిమ్మలమైనంక నేనే వస్త" అన్నాడు. అడ్రసు ఇవ్వలేదు. ఇంకో ఊరికి పోతున్నానన్నాడు.

కాబట్టి యాదవ్వత్తకు చెప్పు, గోడ దగ్గర కొట్టేది ఎలుకలో పందికొక్కులో అయ్యుంటాయి. ఆమెను ఆ గోడ దగ్గర పడుకోనివ్వకు. బొట్టు నిండుగా పెట్టుకో.

ఇక్కడ ఎండలు ముదిరాయి. మేడలో పై అంతస్తు అయింది, కింది గదులు మొదలుపెట్టాలి. ఆ చప్పుడు ఇప్పుడు నేను పట్టించుకోవడం లేదు. వినబడ్డప్పుడు తాపీని ఇటుకకేసి కొడుతూ ఉంటాను.

నీ తమ్ముడు
దేవయ్య

---

నాలుగో బాయి బస్తీ
14-4-1976

తమ్ముడు దేవయ్యకు అక్క దీవెనలు.

నీ ఉత్తరం మూడుసార్లు చదివాను. నాలుగోసారి అత్తకు చదివి వినిపించాను. ఆమె ఉత్తరం తీసుకుని వాసన చూసి ఇచ్చింది.

ఒక్కటి అడుగుతాను. ఆయన పోయిన రోజు పొద్దున కట్టెలు కొడుతుంటే గొడ్డలి జారి ఎడమ మడమ మీద లోతుగా తెగింది. పసుపు పెట్టి కట్టాను. ఆ గాయం మానిందా? కుంటుతున్నాడా? నువ్వు మళ్ళీ చూసినా చూడకపోయినా, ఆ రోజు చూసింది గుర్తు తెచ్చుకుని రాయి.

నీ అక్క
సత్తవ్వ

---

సొహార్ వెనక కొండలు
16-5-1976

ప్రియమైన అక్కకు,

మడమ గాయం ఎప్పుడో మానింది. మచ్చ మాత్రం ఉంది, నేనే చూశాను. చక్కగా నడుస్తున్నాడు. నువ్వు పెట్టిన పసుపు మహిమ అని నవ్వాడు కూడా. ఇంక దిగులెందుకు?

నా మనసే ఇక్కడ బాగాలేదు. కింది అంతస్తులో ఒక గది ఉంది. మంచం, పరుపు, గోడ గూట్లో కాఫీ చెంబు, కొక్కేనికి మగవాళ్ళ పొడుగు అంగీ. ఆ గదికి ఒకటే పొట్టి తలుపు, కిటికీ బదులు పైన జానెడు కన్నం. ముసలమ్మ రోజూ ఊడుస్తుంది, ఏడాదికోసారి సున్నం వేయిస్తుంది. జహీరుద్దీన్ ఊళ్ళో విని చెప్పాడు. ఆమె పెనిమిటి పెళ్ళైన ఏడాదికే ఓడెక్కి జంజిబార్ పోయాడట. ఆమెకప్పుడు పంతొమ్మిదేళ్ళు. వెంట పోయిన దోస్తు తిరిగొచ్చి, "బాగున్నాడు, అక్కడ దుకాణం పెట్టాడు, రేపోమాపో వస్తాడు" అన్నాడట. ముప్పై ఏళ్ళకు ఆ దోస్తు చావు మంచం మీద నిజం చెప్పాడు. మనిషి పోయేటప్పుడే ఓడలో జ్వరంతో చచ్చిపోయాడు, సముద్రంలో వేశారు. పిల్ల ఏడుస్తుందని జాలిపడి చెప్పలేదట.

వీళ్ళలో పెనిమిటి పోతే ఆడది నాలుగు నెలల పది రోజులు ఇల్లు కదలకుండా దుఃఖంలో కూర్చుంటుంది. ఇద్దత్ అంటారు. నిజం తెలిసిన రోజు జువైనా కూర్చుంటానంటే పెద్దలు ఒప్పుకోలేదు. లెక్క చావు నాటి నుంచి, అది ముప్పై ఏళ్ళ కిందే అయిపోయింది అన్నారట. ఆమె పెనిమిటి కోసం కూర్చోకుండానే గడువు దాటిపోయింది. అప్పటి నుంచి ఆ గదే ఊడుస్తున్నది.

ఇప్పుడు కంపెనీకి ఆ గది కావాలట. కొండలోంచి తీసిన రాతి ముక్కల పెట్టెలు దాచడానికి అవతలి గది నుంచి దారి తెరిచి, ఇటు తలుపు మూసేయాలట. మూసే పని నాకు పడింది. ముందు మూసి, తర్వాత అటు తెరవాలి. వేరే మేస్త్రిని పెట్టమని అడిగాను. "నువ్వు బాయిలో గోడలు మూసిన వాడివే కదా" అన్నాడు ఇంజనీరు.

అక్కా, నువ్వేమీ అనుకోకు, అడుగుతున్నాను. యాదవ్వత్తకు ఇంకా వినబడుతున్నదా?

నీ తమ్ముడు
దేవయ్య

---

నాలుగో బాయి బస్తీ
12-6-1976

దేవయ్యా,

ఆయన మడమకు ఏ గాయమూ లేదు. గొడ్డలీ లేదు, పసుపూ లేదు. ఆ దెబ్బ నేను కలంతో వేసింది.

నీకేం తెలుసో అది రాయి. పెత్రమాస దగ్గర పడుతున్నది.

సత్తవ్వ

---

సొహార్ వెనక కొండలు
20-8-1976

అక్కా,

రెండు నెలలు ఈ కాగితం ముందు పెట్టుకుని లేచిపోయాను. ఇవాళ పూర్తి చేయకుండా లేవను.

ఖబూరాలో నేను ఎవరినీ చూడలేదు. బావ ఒమాన్‌కు రాలేదు. బొంబాయికీ పోలేదు. మొదటి నుంచి రాస్తాను, ఆపకుండా చదువు.

నిప్పు లేచిన రోజు నేను బాయిలో లేను. హైదరాబాదు పోయాను, ఈ ఒమాన్ వీసా కోసం ఏజెంటు చేసే ఇంటర్వ్యూకు. నాగా పెడితే పని పోతుందని ముందు రోజే నా బిళ్ల బావకు ఇచ్చాను. మూడు వందల పదిహేడో నంబరు. "నా బిళ్ల మీద దిగు బావా, నాకు హాజరు పడ్తది, నీకు కూలి దొరుకుతది" అన్నాను. దీపాలు ఇచ్చే లాంప్ రూమ్‌లో మొహాలు చూడరు, నంబర్లు చూస్తారు. ఒకరి బిళ్ల మీద ఒకరు దిగడం అందరం చేసిన పనే. దొరికితే ఇద్దరి పనీ ఊడుతుంది, పోలీసు కేసు కూడా.

సాయంత్రం బండి దిగేసరికి సైరన్ మోగుతున్నది. పరుగెత్తాను. పైకొచ్చినవాళ్ళ బిళ్లలు బోర్డు మీద తగిలిస్తున్నారు. ఒక్క మేకు ఖాళీగా ఉంది. గుమాస్తా అరిచాడు, "మూడు వందల పదిహేడు ఎవడ్రా?" అని. నేను అక్కడే నిలబడి ఉన్నాను అక్కా. పక్కవాడు అప్పుడే అన్నాడు, ఇస్తారిని కల్లు కాంపౌండు దగ్గర చూసినట్టుందని. షిఫ్టు ఎగ్గొట్టి పాత బాట నుంచి పైకొచ్చేవాళ్ళు ఉంటారు కదా, బావ కూడా అలా వచ్చేశాడనుకున్నాను. అనుకోవడం కాదు, అనుకోవాలని ఉండింది. "నాదే సార్, నేను పైకొచ్చిన, బిళ్ల లోపల పడిపోయింది" అన్నాను. లెక్క సరిపోయిందని రాసుకున్నారు. ఎవరూ లోపలికి వెతకడానికి పోలేదు. నువ్వు మేస్త్రివే కదా అని, అడ్డగోడ కట్టమని నన్నే దింపారు.

మూడు గంటలు కట్టాను. చివరి వరసకు వచ్చేసరికి గోడకు అవతల చప్పుడైంది. మూడుసార్లు. ఆగి, మూడుసార్లు. లోపల చిక్కినవాడు అలాగే కొడతాడు, మన బస్తీలో పుట్టిన ప్రతివాడికీ తెలుసు. నా చెయ్యి ఆగింది. పని చేయించే ఓవర్‌మన్ దీపం నా మొహం మీద పెట్టి, "కాలే బొగ్గు పల్గుతది, నువ్వు కానియ్" అన్నాడు. లోపల ఎవరూ లేరనే అతను నమ్ముతున్నాడు, నేను చెప్పిన లెక్కే అది. నిజం తెలిసినవాణ్ణి నేనొక్కణ్ణే. చెబితే పని పోతుంది, వీసా పోతుంది, జైలుకు పోతాను. బావ కల్లు తాగుతూ ఉన్నాడేమో, ఉత్తపుణ్యానికి ఎందుకు అని కూడా అనుకున్నాను. చివరి ఇటుక పెట్టాను. పైన సిమెంటు మెత్తాను. ఇంటికొస్తే నువ్వు గడపలో నిలబడి "మీ బావేడి?" అన్నావు.

అప్పుడైనా చెప్పి ఉండాల్సింది. గోడ అప్పటికి ఇంకా తడిగానే ఉంది.

ఇప్పుడు ఎందుకు చెబుతున్నానో అది కూడా రాస్తాను. నీ గొడ్డలి దెబ్బ చదివాక కూడా నాకు ధైర్యం రాలేదు. ఇంకో అబద్ధం కోసం వెతుక్కున్నాను. ఈ నెల తొమ్మిదో తారీకున ఆ గది తలుపు మూశాను. పొద్దున్నే మొదలుపెట్టాను. ఆ గది లోపలికి చూడాలంటే నాకు భయం. లోపల చీకటి. తల దించుకునే ఇటుక మీద ఇటుక పెట్టాను. మధ్యాహ్నం రెండయింది. చివరి ఇటుకకు మట్టి రాసి చేత్తో పట్టుకున్నాను. లోపలి నుంచి చప్పుడు. టక్, టక్, టక్.

నాకు అలవాటైపోయింది కదా. ఇది ఆ చప్పుడే, మట్టి చప్పుడే, నా తలలోని చప్పుడే అనుకున్నాను. ఓవర్‌మన్ మాట నా నోటి నుంచే వచ్చింది, "కానియ్" అని. చివరి ఇటుక పెట్టేశాను. అక్కా, మళ్ళీ పెట్టేశాను.

మళ్ళీ టక్ టక్‌మంది. ఈసారి వెంట దగ్గు వినబడింది.

గడ్డపార తెచ్చి గోడ పడగొట్టాను. అరుస్తూ పడగొట్టానని జహీరుద్దీన్ తర్వాత చెప్పాడు, నాకు తెలియదు. లోపల మంచం మీద జువైనా కూర్చుని ఉంది, ఊతకర్ర గోడకు ఆనించి. తెల్లవారుజాము నమాజు కాగానే వచ్చి పడుకుందట. నేను మూస్తున్నానని ఆమెకు తెలుసు. జహీరుద్దీన్ భయపడి అరబ్బీలో ఏదో అడిగితే ఆమె నా వైపు చూసి జవాబు చెప్పింది. అతను నాకు తెలుగులో చెప్పాడు, "గోడ కట్టేటోడు ఒక్కసారన్న లోపలికి చూడడా అని చూసిన, అంటుంది భాయ్."

నేను ఆమె కాళ్ళ దగ్గర కూలబడ్డాను. ఏడుస్తూ అంతా చెప్పాను, తెలుగులోనే. ఆమెకు ఏం అర్థమైందో తెలియదు. జహీరుద్దీన్ సగం చెప్పి, మిగతా సగం చెప్పలేక బయటికి పోయాడు. ఆమె ఒక్క మాట అడిగింది. అది నాకు అరబ్బీలోనే అర్థమైంది. "ఉఖ్తక్?" అంది. అంటే మీ అక్కా అని. తల ఊపాను. ఆమె కర్రతో నన్ను లేపి, తలుపు వైపు చూపించింది.

ఇన్నాళ్ళ నుంచి ఇక్కడ వినబడింది ఆమె కర్ర చప్పుడో, ఇంకేమో నాకు తెలియదు. ఆ రోజు గోడ పడ్డాక మాత్రం ఈ మేడలో వినబడలేదు. యాదవ్వత్తకు వినబడేది ఎలుకలు కావు అక్కా.

బొట్టు తీసెయ్. ఈ మాట రాయడానికే రెండు నెలలు పట్టింది.

ఏమని సంతకం పెట్టాలో తెలియడం లేదు.
దేవయ్య

---

నాలుగో బాయి బస్తీ
27-9-1976

దేవయ్యకు సత్తవ్వ రాస్తున్నది.

నీ ఉత్తరం అందిన రోజు బంగళాలో చివరి గది ఊడుస్తున్నాను. అక్కడే నేల మీద కూర్చుని చదివాను. తర్వాత మిగిలిన గది ఊడ్చి, తాళం ఇచ్చి, ఇంటికొచ్చాను. అత్త పక్కన కూర్చుని, "అత్తా, మనోడు నాలుగో బాయిలనే ఉన్నడు" అన్నాను. ఆమె, "నాకెరుకనే బిడ్డా. నువ్వు ఎప్పుడంటవా అని సూస్తున్న" అని నా తల ఒళ్ళోకి తీసుకుంది. ఏడాదిన్నర ఏడుపు ఆ పూట ఏడ్చాను.

నువ్వు నీ సంగతి రాశావు. ఇప్పుడు నా సంగతి విను. నీ బిళ్ల మీద ఆయన దిగాడని నాకు మొదటి నుంచీ తెలుసు.

ఆ పొద్దున ఆయనకు ఒళ్ళు వెచ్చబడింది. "ఇయ్యాల దిగబుద్ధి అయితలేదు సత్తీ" అని ముసుగు పెట్టాడు. నేను ముసుగు లాగాను. "మా తమ్ముని నౌకరి పోతది, లే" అన్నాను. సద్ది కట్టి, రెండు గంటల షిఫ్టుకని ఆ ఇత్తడి బిళ్ల నేనే ఆయన జేబులో వేశాను. గడప దాటి ఒకసారి వెనక్కి చూశాడు. పో అన్నట్టు చెయ్యి ఊపాను.

అన్నీ తెలిసి నిన్నెందుకు అడగలేదు అంటావు. సాయంత్రం అందరూ అన్నారు, "దేవయ్య పైకొచ్చిండు, గోడ దేవయ్యే కట్టిండు" అని. నువ్వు అబద్ధమాడుతున్నావని తెలుసు. నౌకరి కోసం ఆడావనుకున్నాను. కానీ గోడ కట్టింది నువ్వు. బావ లోపల ఉంటే నా తమ్ముడు గోడ కట్టడు. ఆ ఒక్క లెక్క మీద నేను బొట్టు పెట్టుకున్నాను దేవయ్యా. బొంబాయి అంటే బొంబాయి, ఒమాన్ అంటే ఒమాన్, నువ్వు ఏది చెప్పినా నమ్మింది ఆ గోడను చూసే. ఎప్పుడైనా అనుమానం వస్తే, మా తమ్ముడిని అనుమానించానని నన్ను నేనే తిట్టుకునేదాన్ని.

నిన్ను మన్నించానని రాయను. రాస్తే అబద్ధమవుతుంది, మన ఇద్దరి మధ్య అవి చాలా అయ్యాయి. నన్ను నేనూ మన్నించుకోలేదు.

పెత్రమాసకు మూడు రోజుల ముందు గాజులు తీశాను. శవం లేదు కాబట్టి ఆయన అంగీ నాలుగో బాయి మొఖం దగ్గర పెట్టి దినం చేశాం. పిట్టకు పెట్టాం. అన్నం, కోడికూర, కల్లు, ఆయన తాగే బీడీ కట్ట. కాకి వచ్చింది. చెట్టు మీద కూర్చుంది, ముట్టలేదు. పొద్దెక్కింది. బస్తీ అంతా నిలబడి చూస్తున్నది. పోయినవాడి మనసులో ఏదో ఉంది, మాటియ్యండి అన్నారు పెద్దలు. అత్త అడిగింది, "ఏం కావాలె కొడుకా?" అని. ముట్టలేదు. నేను ముందుకు పోయి, "మీ అవ్వను సచ్చేదాక నేను సూసుకుంట" అన్నాను. కాకి ఇంకో కొమ్మ మీదికి పోయింది. "మారుమనువు పోను" అన్నాను. కదలలేదు.

రెండు గంటల సైరన్ మోగింది. అప్పుడు నా నోటికి వచ్చింది. అందరూ వింటుండగానే అన్నాను, "మా తమ్ముడు వచ్చి గోడ ఇప్పుతడు. నువ్వు లోపలున్నవని దొర ముంగట నిలబడి సెప్తడు. నిన్ను బయటికి తెస్తం" అన్నాను.

కాకి దిగి ముద్ద ముట్టింది.

పెత్రమాస నాడు అయ్యగారు పేర్లు అడిగితే నేనే చెప్పాను. ఇస్తారి అని. అత్త ఆ రోజు గోడ పక్కనే పడుకుని నిద్రపోయింది. కొట్టడం లేదట.

లోపల నిప్పు ఆరితే గోడలు తెరుస్తారని బాయి పెద్దమనుషులు చెబుతున్నారు, అడిగేవాళ్ళు ఉంటే. లోపల ఒక మనిషి ఉన్నాడని చెప్పేవాళ్ళు ఉంటే. వాళ్ళు నమ్మడానికి గుర్తు ఆయన జేబులోనే ఉంది. నీ పని పోతుంది. జైలు కావచ్చు. నాకు తెలుసు. తెలిసే నీ పేరు మీద పోయినవాడికి మాట ఇచ్చాను.

ఆ ముసలమ్మకు నా దండం చెప్పు. ఆమెకు కూర్చోవడానికి దొరకని దుఃఖం నాకు దొరికిందని చెప్పు.

కాగితాలు చూసుకుని బయలుదేరు. నువ్వు దిగిన రోజు తానం చేసి, బువ్వ తిని, నేరుగా బాయికి పోదాం. రెండు గంటల షిఫ్టు వేళకు గేటు దగ్గర నేను నీ పక్కనే ఉంటాను. లోపలున్నది ఎవరని గుమాస్తా అడిగితే, మూడు వందల పదిహేడో నంబరు అని ఇద్దరం కలిసి చెబుదాం.

నీ అక్క
సత్తవ్వ